అద్దాల మీద దిగిన ఎండ: వి.కె. మూర్తి కెమెరా జీవితం

హిందీ సినిమా టైటిల్స్‌లో వి.కె. మూర్తి అని కనిపించే ఛాయాగ్రాహకుడి పూర్తి పేరు వెంకటరామ పండిత్ కృష్ణమూర్తి. 1923 నవంబరు 26న మైసూరులో పుట్టారు. కుర్రతనంలో ఆయన చేతికి ముందు వచ్చింది కెమెరా కాదు, వయొలిన్. సంగీతం నేర్చుకుంటూనే సినిమాల పిచ్చిలో పడ్డారు. స్వాతంత్ర్యోద్యమంలో పాల్గొని జైలుకు వెళ్లివచ్చారు. ఆ తర్వాత ఆయన చదువు బెంగళూరులో సాగింది. ఆ చదువు సంగతి కాస్త ఆగి చెప్పుకోవాలి.

1943లో మైసూరు సంస్థానం బెంగళూరులో ఒక వృత్తివిద్యా సంస్థ పెట్టింది. తర్వాతి రోజుల్లో అది శ్రీ జయచామరాజేంద్ర పాలిటెక్నిక్‌గా పేరు తెచ్చుకుంది. అక్కడ నేర్పే వృత్తుల్లో సినిమాటోగ్రఫీ ఒకటి, శబ్దగ్రహణం మరొకటి. పుణెలో ప్రభుత్వ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ వచ్చింది 1960లో. అంటే దానికి 17 ఏళ్ల ముందే దక్షిణాదిలో కెమెరా పనిని బడిలో కూర్చోబెట్టి నేర్పడం మొదలైంది. ఆ రోజుల్లో కెమెరామన్ కావాలంటే ఎవరో ఒక కెమెరామన్ దగ్గర పెట్టె మోయడమే దారి. లెన్సులు తుడవడం, ఫిల్మ్ డబ్బాలు మార్చడం, అలా ఏళ్ల తరబడి చూసి చూసి పట్టుకోవలసిన విద్య అది. మూర్తి పాలిటెక్నిక్ తొలి బ్యాచ్‌లలోనే చేరి, 1946లో డిప్లొమా పుచ్చుకుని బొంబాయి వెళ్లారు. డిప్లొమా ఉంది కదా అని బొంబాయి ఆయనకు కెమెరా అప్పగించలేదు. అక్కడ మళ్లీ మొదటి మెట్టు నుంచే ఎక్కాల్సి వచ్చింది.

కెమెరా విభాగంలో ఈ మెట్లు ఇప్పటికీ అలాగే ఉన్నాయి. అందరికన్నా కింద ఉండే సహాయకుడు ఫిల్మ్ రోజుల్లో ఫిల్మ్ ఎక్కించి దింపేవాడు; క్లాప్ పట్టుకుంటాడు, రిపోర్టు రాస్తాడు. ఆ పైవాడు ఫోకస్ చూసేవాడు. నటుడు కెమెరా వైపు 2 అడుగులు వేస్తే, లెన్సు మీది రింగును సరిగ్గా ఆ 2 అడుగులంత తిప్పుతాడు. తప్పినా ఆ క్షణంలో ఎవరికీ తెలియదు; రషెస్ (కడిగి వేసిన తొలి ప్రింట్లు) చూసినప్పుడు తెర మీద మొహం అలుక్కుపోయి ఉంటుంది. అతనికి పైన ఆపరేటివ్ కెమెరామన్ ఉంటాడు. షాట్ నడుస్తున్నంతసేపూ కెమెరాలోంచి చూస్తూ, దాన్ని పక్కకూ పైకీ తిప్పేది ఇతనే. అందరికీ పైన ఛాయాగ్రాహకుడు. ఆయన కెమెరాను ముట్టుకోకపోవచ్చు కూడా. ఏ లైటు ఎక్కడ పెట్టాలి, ఎంత వెలుగు ఉండాలి, ఏ లెన్సు వేయాలి, కెమెరా ఎక్కడ నిలబడాలి, ఎటు కదలాలి అన్నవి దర్శకుడితో కలిసి ఆయన తేల్చే విషయాలు. మనవాళ్లు పైవాణ్నీ కింది ఆపరేటర్నీ కలిపి కెమెరామన్ అనేస్తారు. అందుకే ఆయన చేసేదంతా కెమెరా తిప్పడమేనని చాలామంది అనుకుంటారు.

ఇంకో సంగతి. ఫిల్మ్ రోజుల్లో సెట్ మీద తీసిన బొమ్మ ఎలా వచ్చిందో ఎవరికీ కనబడేది కాదు. ఇప్పుడు మానిటర్ ముందు కుర్చీ వేసుకుని దర్శకుడు, హీరో, ఒక్కోసారి హీరో స్నేహితులు కూడా చూసి సలహాలిస్తారు. అప్పుడలా కాదు. ఫిల్మ్ ల్యాబ్‌కు వెళ్లి, కడిగి, ప్రింటై తిరిగొచ్చేదాకా ఆ బొమ్మ కెమెరామన్ బుర్రలోనే ఉండేది. చేతిలో లైట్ మీటర్, కంటికి అలవాటైన లెక్క, అంతే ఆధారం. సెట్‌కయ్యే ఖర్చంతా ఆ లెక్క మీదే పెట్టేవారు. దర్శకుడు ఒక కెమెరామన్‌ను ఎంతవరకు నమ్ముతాడు అన్నది అందుకే ఆ వృత్తిలో జీవన్మరణ సమస్య అయ్యేది. మూర్తి వృత్తి జీవితమంతా అలాంటి ఒక నమ్మకం చుట్టూనే తిరిగింది.

బొంబాయిలో ఆయన ఫాలీ మిస్త్రీ దగ్గర పని నేర్చుకున్నారు. నలుపు తెలుపు హిందీ చిత్రాల కాలంలో మిస్త్రీ పెద్ద పేరు. మూర్తి జీవితాంతం ఆయన్నే గురువుగా చెప్పుకున్నారు. 1951లో దేవానంద్ సంస్థ నవకేతన్ 'బాజీ' తీసింది. దర్శకుడికి అదే మొదటి సినిమా. బెంగళూరులోనే పుట్టిన పాతికేళ్ల గురుదత్ ఆయన. ఛాయాగ్రాహకుడు వి. రాత్రా. మూర్తి ఆయనకు సహాయకుడు. ఒక పాట చిత్రీకరణలో మూర్తి ఒక షాట్ సూచించారు. అద్దంలో ప్రతిబింబంతో మొదలై, కెమెరా కదులుతూ అసలు మనిషిని పట్టుకునే షాట్ అది. అద్దం ఉన్న షాట్‌లో కెమెరా కదిలితే ఎక్కడో ఒకచోట కెమెరాయే అద్దంలో కనబడుతుంది, లేదా లైటు కనబడుతుంది, ట్రాలీ తోసేవాడైనా కనబడతాడు. పైవాడి అనుమతి తీసుకుని ఆ షాట్‌ను మూర్తే తీశారు. గురుదత్‌కు నచ్చింది. తన తర్వాతి సినిమాకు కెమెరామన్ మూర్తే అని అప్పుడే చెప్పేశారు, మాట నిలబెట్టుకున్నారు. 1952లో వచ్చిన 'జాల్'తో మూర్తి ఛాయాగ్రాహకుడయ్యారు.

ఆ తర్వాత వరసగా 'బాజ్', 'ఆర్ పార్', 'మిస్టర్ అండ్ మిసెస్ 55' వచ్చాయి. గురుదత్ నిర్మించగా రాజ్ ఖోస్లా దర్శకత్వం వహించిన 'సి.ఐ.డి.' 1956లో వచ్చింది. ఈ 'సి.ఐ.డి.'కి తెలుగుతో ఒక చుట్టరికం ఉంది. 1955లో తాపీ చాణక్య తీసిన 'రోజులు మారాయి'లో ఒక్క పాటకు నాట్యం చేసిన వహీదా రెహ్మాన్ పేరు ఆంధ్రదేశమంతా పాకిపోయింది. హైదరాబాదు వచ్చిన గురుదత్ ఆ సందడి చూసి ఆమెను బొంబాయి పిలిపించారు. ఆమె హిందీలో తొలిసారి కనిపించింది 'సి.ఐ.డి.'లో, మూర్తి కెమెరా ముందు. తర్వాతి ఆరేళ్లలో ఆ మొహం మీద ఆయన పెట్టినన్ని రకాల వెలుగులు మరెవరూ పెట్టలేదనడం అతిశయోక్తి కాదు.

గురుదత్ సినిమాల్లో దగ్గరి షాట్లకు ఒక ప్రత్యేకత ఉంది. క్లోజప్ తీయాలంటే మామూలుగా 50 మిల్లీమీటర్ల లెన్సు వేసి కెమెరాను మనిషి దగ్గరకు జరిపేవారు. గురుదత్‌కు 75, 100 మిల్లీమీటర్ల లెన్సులు కావాలి. కెమెరా వెనక్కి వెళ్తుంది. మొహం మాత్రం తెర నిండుతుంది. అలా తీసినప్పుడు ముక్కు, చెంపలు ఉబ్బినట్లు కాకుండా ఉన్న తీరులోనే పడతాయి. వెనకనున్న గోడ, దీపం, జనం మసకబారి కరిగిపోతాయి. మనిషి ఒక్కడే మిగులుతాడు. బొంబాయి స్టూడియోల్లో వీటిని 'గురుదత్ షాట్లు' అనేవారు. పేరు దర్శకుడికి వెళ్లింది. కానీ ఆ లెన్సుతో ఫోకస్ నిలిచేది మహా అయితే అంగుళాల్లో. నటి తల కొంచెం వాల్చినా కళ్లు మసకైపోతాయి. ఆ లెక్కంతా చూసుకోవలసింది కెమెరా దగ్గరున్న మనిషి.

1957 ఫిబ్రవరిలో 'ప్యాసా' వచ్చింది. చనిపోయాడని లోకమంతా నమ్మిన కవి తన సంస్మరణ సభకే వచ్చి, హాలు తలుపు దగ్గర రెండు చేతులు చాచి నిలబడతాడు. వెలుగు అతని వెనక నుంచి వస్తుంది. లోపల సభ చీకట్లో ఉంది. అతని మొహం కనబడదు, అంచులు మాత్రం మెరుస్తుంటాయి. శిలువ మీది మనిషి గుర్తురాని ప్రేక్షకుడు ఉండడు. ఇలాంటి షాట్‌లో వెనక లైటు పెట్టడం సులువే. కష్టమంతా ముందువైపు నల్లదనంలో ఉంటుంది. పూర్తిగా వదిలేస్తే మనిషి కాగితం కత్తిరించి అతికించిన బొమ్మలా ఉంటాడు. ఎక్కువ వెలిగిస్తే తలుపులోని వెలుగుకు బలం పోతుంది. నలుపులోనే కొంచెం బట్ట మడత, కొంచెం గడ్డం, కొంచెం కంటి తడి తెలిసేలా ఒక చిన్న లైటు, దానికి అడ్డంగా ఒక గుడ్డ ముక్క, ఇలా అరగంటసేపు సర్దితే తెర మీద కొన్ని క్షణాలు ఉంటుంది. మూర్తి పనిలో గొప్పతనం ఆ నల్లదనంలోనే ఉంది. ఆయన ఫ్రేముల్లో చీకటికి కూడా లోతు, పొరలు ఉంటాయి.

అదే 1957 మార్చిలో మద్రాసు నుంచి 'మాయాబజార్' వచ్చింది. అందులో మార్కస్ బార్ట్‌లీ కురిపించిన వెన్నెల తెలుగువాళ్లకు చెప్పనక్కరలేదు. దాదాపు నెల తేడాతో వచ్చిన ఈ రెండు సినిమాలనూ పక్కపక్కన పెట్టి చూస్తే, నలుపు తెలుపు ఫిల్మ్‌కు ఎన్ని స్వభావాలున్నాయో తెలుస్తుంది. బార్ట్‌లీ వెలుగు మెత్తన. నీడలు కూడా వెండి రంగులో ఉంటాయి. మూర్తి వెలుగు ఒకవైపు నుంచి వస్తుంది, రెండోవైపును చీకటికి వదిలేస్తుంది. కథలు వేరు కాబట్టి వెలుగులూ వేరు. ఇద్దరిలో ఎవరు గొప్ప అన్న వాదం ఎప్పుడూ ఉండేదే, తేలేది కాదు.

1959లో 'కాగజ్ కే ఫూల్' వచ్చింది. సినిమాస్కోప్‌లో తీసిన తొలి భారతీయ చిత్రం అది. అప్పటిదాకా తెర ఎత్తు 1 అనుకుంటే వెడల్పు 1.37 ఉండేది; స్కోప్‌లో అది 2.35 అయింది. మామూలు ఫిల్మ్ మీదే ఇంత వెడల్పు బొమ్మను పట్టడానికి కెమెరా ముందు వేరే రకం లెన్సు పెడతారు. అది బొమ్మను అడ్డంగా సగానికి నొక్కేస్తుంది. ఫిల్మ్ ముక్క చేత్తో పట్టుకుని చూస్తే మనుషులందరూ సన్నగా, పొడుగ్గా కనిపిస్తారు. థియేటర్‌లో ప్రొజెక్టర్‌కు ఉన్న జోడు లెన్సు దాన్ని మళ్లీ సాగదీస్తుంది. అప్పటి స్కోప్ లెన్సులకు పెద్ద లోపం ఒకటి ఉండేది. మరీ దగ్గరకెళ్తే మొహాలు గవదబిళ్లలు వచ్చినట్లు వెడల్పవుతాయి. క్లోజప్పులకు పేరుపడ్డ దర్శకుడికి, ఆయన కెమెరామన్‌కు ఇంతకన్నా చిక్కు ఏముంటుంది? వాళ్లు ఆ వెడల్పును ఖాళీతో నింపారు. పెద్ద స్టూడియో, పైన చెక్క వంతెనలు, దూలాలు, ఎక్కడో మూలన ఒక చిన్న మనిషి. ఒకప్పుడు పేరు మోసిన దర్శకుడు ముసలితనంలో ఆ స్టూడియోకే తిరిగొచ్చే కథ అది. ఆ ఖాళీయే కథలో సగం చెబుతుంది.

ఈ సినిమాలో ఒక పాట ఉంది. సంగీతం ఎస్.డి. బర్మన్, పాడింది గీతాదత్. దర్శకుడు, నటి ఖాళీ స్టూడియోలో ఎదురెదురుగా నిలబడతారు. ఇద్దరూ పెదవి కదపరు, పాట వెనక నుంచి వినిపిస్తుంది. ఎక్కడో పైనుంచి ఒక వెలుగు కడ్డీలా నేల మీదికి దిగుతుంది. వాళ్ల శరీరాల్లోంచి నీడల్లాంటి రూపాలు బయటికొచ్చి ఆ వెలుగులో ఒకదానివైపు ఒకటి నడుస్తాయి. భారతీయ సినిమా ఛాయాగ్రహణం గురించి ఎవరు మాట్లాడినా ఈ వెలుగు దగ్గర ఒకసారి ఆగుతారు.

దాన్ని ఏ లైటుతో వేశారన్నది మామూలుగా వచ్చే ప్రశ్న. జవాబు: లైటుతో కాదు. అది ఎండ. స్టూడియోలో ఎంత పెద్ద ఆర్క్ లైటు పెట్టినా దాని కాంతి గరాటులా విచ్చుకుంటుంది, దూరం వెళ్లేకొద్దీ పలచబడుతుంది. లైటు దగ్గర్లో ఉండటమే దానికి కారణం. సూర్యుడు ఎంత దూరంలో ఉన్నాడంటే, ఆయన కిరణాలు మన దగ్గరికొచ్చేసరికి దాదాపు సమాంతరంగా ఉంటాయి. పైకప్పు దగ్గర ఎంత వెడల్పో, నేల దగ్గరా అంతే. కిటికీలోంచి పడే ఎండలో దుమ్ము ఎగరడం చూసిన ప్రతివాళ్లకూ ఆ తేడా తెలుసు, పేరు పెట్టి చెప్పలేకపోవచ్చు. గురుదత్ అడిగింది ఆ వెలుగు. మూర్తి పెద్ద అద్దాలు తెప్పించారు. ఒకదాన్ని స్టూడియో బయట ఎండలో పెట్టి, ఆ వెలుగును లోపల పైనున్న చెక్క వంతెన మీది రెండో అద్దానికి తగిలేలా మలిచారు. రెండో అద్దం దాన్ని కిందికి దింపింది. అయితే శుభ్రమైన గాలిలో వెలుగు కనబడదు, అది తగిలిన నేల మాత్రమే కనబడుతుంది. అందుకని సెట్‌లో సాంబ్రాణి పొగ వేశారు. పూజగదిలో వేసే పొగే. వెలుగు ఆ పొగ రేణువులకు తగిలి కడ్డీలా నిలబడింది.

ఇందులో ఉన్న తంటా ఊహించుకోవచ్చు. సూర్యుడు ఆగడు. గంటకు 15 డిగ్రీలు, అంటే 4 నిమిషాలకు 1 డిగ్రీ జరుగుతాడు. బయటి అద్దాన్ని ఒకడు పట్టుకుని కూర్చుని జరుపుతూ ఉండకపోతే వెలుగు రెండో అద్దాన్ని తప్పి గోడ మీదికి పోతుంది. అద్దం 1 డిగ్రీ తిరిగితే దాని మీంచి వచ్చే కిరణం 2 డిగ్రీలు తిరుగుతుంది కాబట్టి, చెయ్యి కాస్త వణికినా కింద కడ్డీ ఊగిసలాడుతుంది. మబ్బు పడితే పని ఆగిపోవాలి. పొగ పలచబడితే మళ్లీ వేయాలి, ఎక్కువైతే తలుపులు తీయాలి. తలుపు తీస్తే చీకటి చెడుతుంది. తెర మీద ఇదేమీ కనబడదు. ఒక వెలుగు, ఇద్దరు మనుషులు.

సినిమా ఘోరంగా పోయింది. గురుదత్ ఆ తర్వాత ఏ సినిమాకూ దర్శకుడిగా తన పేరు వేసుకోలేదు. మూర్తికి మాత్రం ఉత్తమ ఛాయాగ్రాహకుడిగా ఫిల్మ్‌ఫేర్ అవార్డు వచ్చింది. కెమెరామన్ బతుకులో ఇలాంటివి జరుగుతుంటాయి. ఆయన గెలిచిన చోట సినిమా ఓడవచ్చు. సినిమా రజతోత్సవం చేసుకున్నప్పుడు ఆయన పేరు ఎవరికీ గుర్తుండకపోవచ్చు.

1960లో వచ్చిన 'చౌదవీ కా చాంద్' నలుపు తెలుపు సినిమాయే. దానికి ఛాయాగ్రాహకుడు నరిమన్ ఇరానీ. పాటలు కొన్నింటిని మాత్రం రంగుల్లో తీయాలనుకున్నప్పుడు ఆ భాగం మూర్తి చేతికి వచ్చింది. అప్పటి రంగు ఫిల్మ్‌కు వెలుతురు తిండి ఎక్కువ. నలుపు తెలుపుకు సరిపోయే లైట్లకు రెండు మూడింతలు పెడితేగాని బొమ్మ పడదు. సెట్ కొలిమిలా ఉండేది. ఆ వేడికి వహీదా రెహ్మాన్ కళ్లు ఎర్రబడ్డాయి. నలుపు తెలుపులో అయితే ఎవరూ గమనించేవారు కాదు. రంగులో ఆ ఎరుపు కనబడేసరికి సెన్సారువాళ్లకు అది మరో అర్థం తోచి, ఆ షాట్లు తీసేయమన్నారు. లైట్ల వేడికి ఎర్రబడ్డ కళ్లలో శృంగారం చూసిన ఘనత వాళ్లది. రంగు వస్తే కెమెరామన్‌కు కొత్తగా ఎన్ని తలనొప్పులు వస్తాయో చెప్పడానికి ఈ ఒక్క సంగతి చాలు.

1962లో వచ్చిన 'సాహిబ్ బీబీ ఔర్ గులాం' మళ్లీ నలుపు తెలుపు. బెంగాలీ జమీందారీ ఇల్లు, పొడుగాటి వరండాలు, లోపలి గదుల్లో బందీ అయిన చిన్న కోడలు. ఇందులో ఒక నాట్యం ఉంది. ముందు నర్తించేది మీనూ ముంతాజ్. ఆమె చుట్టూ ఉన్న నర్తకీమణులు పాట మొదటి నుంచి చివరి దాకా నీడలోనే ఉంటారు. ఆమె మీద మాత్రమే వెలుగు పడుతుంది. ఒక్కరు కదులుతుంటే, పక్కనే ఉన్నవాళ్లు ఒక్క అడుగు కూడా ఆ వెలుగులోకి రాకుండా, వాళ్ల ఆకారాలు మాత్రం వెనక గోడ వెలుగు మీద తెలిసేలా చూడాలి. వెలుగు మీద పట్టు కన్నా నాట్యం మీద, తాళం మీద పట్టు ఉన్నవాడు చేయగల పని ఇది. వయొలిన్ నేర్చుకున్న మనిషికి ఏ చరణంలో ఎన్ని అడుగులు పడతాయో తెలుసు. ఈ సినిమాకు కూడా ఫిల్మ్‌ఫేర్ ఉత్తమ ఛాయాగ్రాహకుడి అవార్డు మూర్తికే వచ్చింది.

1964 అక్టోబరు 10న గురుదత్ చనిపోయారు. వయసు 39. మూర్తికి అప్పుడు 40 దాటింది. ఛాయాగ్రాహకుడికి నచ్చిన దర్శకుడు పోతే కవికి రాజు పోయినట్లే. విద్య పోదు, అడిగేవాడు పోతాడు. ఆ తర్వాత ఆయన ఎక్కువగా ప్రమోద్ చక్రవర్తి సినిమాలకు పనిచేశారు. 'జిద్దీ', 'లవ్ ఇన్ టోక్యో', 'తుమ్సే అచ్ఛా కౌన్ హై', 'నయా జమానా', 'జుగ్ను' అన్నీ రంగుల సినిమాలే. కశ్మీరు కొండలు, విదేశీ వీధులు, రంగు రంగుల చీరలు, హీరో గెలుపు. వాటిలో బొమ్మ శుభ్రంగా ఉంటుంది, తారలు అందంగా ఉంటారు, నిర్మాత సంతోషంగా ఉంటాడు. మూర్తిని వెతుక్కునేవాళ్లకు మాత్రం ఆయన అంతగా కనబడరు. చీకటిలో పొరలు చూపించగల చెయ్యికి ఆ కథలు చీకటే ఇవ్వలేదు. దీన్ని పతనం అనడం అన్యాయం. వృత్తిలో ఉన్నవాడు నెల నెలా ఇల్లు నడపాలి; గొప్ప ఫ్రేము గొప్ప అవసరం నుంచే వస్తుంది.

మధ్యలో 'పాకీజా' పని ఒకటి ఉంది. జర్మనీ నుంచి వచ్చి బొంబాయిలో స్థిరపడ్డ జోసెఫ్ విర్షింగ్ ఆ సినిమా తీస్తూనే 1967లో కన్నుమూశారు. మిగిలిన భాగాన్ని బొంబాయి ఛాయాగ్రాహకులు కొందరు పంచుకున్నారు. వాళ్లలో మూర్తి ఒకరు. ఏళ్ల కిందట ఇంకొకరు వేసిన వెలుగుకు, ఇప్పుడు తాను వేసే వెలుగు అతుకు తెలియకుండా కలవాలి. కెమెరామన్‌కు ఇది తన సంతకం దాచుకోవలసిన పని. 1972లో సినిమా విడుదలైనప్పుడు ఆ అతుకులు ఎవరికీ కనబడలేదు.

1980ల చివరలో టెలివిజన్ ఆయన్ను మళ్లీ పెద్ద పనికి పిలిచింది. పిలిచినవాడు ఆయన శిష్యుడే. గోవింద్ నిహలానీ కూడా ఆ బెంగళూరు పాలిటెక్నిక్‌లోనే చదివి, 1962లో బయటికొచ్చి మూర్తి దగ్గర సహాయకుడిగా చేరారు. తర్వాత శ్యాం బెనెగల్ తొలి సినిమాకు ఛాయాగ్రాహకుడయ్యారు. ఆ సినిమా పేరు 'అంకుర్', 1974. హైదరాబాదు దగ్గరి పల్లెలో తీశారు. బెనెగల్ పుట్టి పెరిగింది హైదరాబాదులోనే, తిరుమలగిరి ప్రాంతంలో. గురుదత్‌కు దగ్గరి బంధువు కూడా. తెలంగాణ పొలం గట్ల మీది మధ్యాహ్నపు ఎండను, మట్టి గోడల నీడను తెరకెక్కించిన ఆ కళ్లు మూర్తి దగ్గర తయారైనవే. గురువు స్టూడియోలోకి అద్దాలతో దింపిన ఎండ దగ్గరికి శిష్యుడు ఆరుబయటికి నేరుగా వెళ్లాడు.

1988 జనవరిలో దూరదర్శన్ 'తమస్' ప్రసారం చేసింది. భీష్మ సాహ్ని నవల ఆధారంగా దేశ విభజన నాటి మత కల్లోలాల కథ. దర్శకుడు నిహలానీ. ఛాయాగ్రహణం నిహలానీ, మూర్తి కలిసి చేశారు. గురువూ శిష్యుడూ ఒకే టైటిల్ కార్డులో పక్కపక్కన ఉండటం ఆ వృత్తిలో తరచుగా జరిగేది కాదు. అదే ఏడాది బెనెగల్ 'భారత్ ఏక్ ఖోజ్' మొదలైంది. నెహ్రూ 'డిస్కవరీ ఆఫ్ ఇండియా' ఆధారంగా 53 భాగాలు. నెహ్రూగా రోషన్ సేఠ్ కనిపిస్తారు. సెట్లు వేసింది నితీష్ రాయ్. రామోజీ ఫిల్మ్ సిటీ రూపకల్పన చేసిందీ ఆయనే. ఛాయాగ్రాహకుడు మూర్తి. వయసు 65.

సినిమా తెరకు, ఇంట్లో పెట్టెకు వెలిగించడంలో తేడాలున్నాయి. ఆనాటి టీవీలో తెర వెడల్పు 4 వంతులైతే ఎత్తు 3 వంతులు. అంచులు కొంత మరుగునపడతాయి కాబట్టి ముఖ్యమైనదేదీ చివర్లలో పెట్టకూడదు. పిక్చర్ ట్యూబుకు మరీ నలుపు, మరీ తెలుపు ఒకేసారి చూపే శక్తి తక్కువ. థియేటర్ చీకటిలో పొరలుగా కనిపించిన నీడ, వెలుగుతున్న ట్యూబ్‌లైటు కింద పెట్టెలో ఒకే మసి మరక అయిపోతుంది. నీడను నమ్ముకున్న కెమెరామన్ టీవీలో సగం ఆయుధాలు కింద పెట్టాలి. దూర దృశ్యాలు పనికిరావు, సైన్యాలు చీమల్లా ఉంటాయి. మొహాలే దిక్కు.

ఇక్కడ మూర్తి పాత విద్య ఒకటి అక్కరకొచ్చింది. దూరదర్శన్‌లో రంగు 1982లోనే వచ్చినా, 1988 నాటికి కూడా చాలా ఇళ్లలో ఉన్నవి నలుపు తెలుపు సెట్లే. ఆ సెట్‌లో ఎర్ర చీర, ఆకుపచ్చ తెర ఒకే బూడిదరంగులోకి కలిసిపోవచ్చు. రంగును మాత్రమే నమ్మి వెలిగిస్తే మనిషి గోడలో కలిసిపోతాడు. మనిషికీ వెనక గోడకూ మధ్య వెలుగులోనే తేడా పెట్టడం నలుపు తెలుపు కాలం వాళ్లకు ఉగ్గుపాలతో వచ్చిన అలవాటు. ప్యాసాలో నేర్చిన చెయ్యి చోళులు, విజయనగరం కథలున్న ధారావాహికకు అలా పనికొచ్చింది. సినిమాకు రెండున్నర గంటల బొమ్మను నెలల తరబడి తీసే మనిషి, ఇక్కడ వారం వారం ప్రసారమయ్యే 53 భాగాలకు ఒక్క తీరులో వెలుగు నిలబెట్టాలి. ఒక్కో భాగం ఒక్కో యుగం. సెట్ మారుతుంది, దుస్తులు మారతాయి, భాష తీరు మారుతుంది. ఏ యుగంలోకి వెళ్లినా బొమ్మ ఒకే ధారావాహికదిగా అనిపించాలి.

1993లో మూర్తి తన ఊరివాళ్ల భాషలో ఒక సినిమాకు పనిచేశారు. త్రివేణి నవల ఆధారంగా ఎస్.వి. రాజేంద్రసింగ్ బాబు తీసిన కన్నడ చిత్రం 'హూవు హణ్ణు'. ఆ తర్వాత ఆయన బెంగళూరులో ఉండిపోయారు.

2008 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం మూర్తికి ఇస్తున్నట్లు 2010లో ప్రకటించారు. ఆ పురస్కారం 1969 నుంచి ఉంది. అప్పటిదాకా నటులు, దర్శకులు, నిర్మాతలు, గాయకులు, సంగీత దర్శకులు అందుకున్నారు. మన బి.ఎన్. రెడ్డి, ఎల్.వి. ప్రసాద్, బి. నాగిరెడ్డి, అక్కినేని నాగేశ్వరరావు ఆ వరసలో ఉన్నారు. 1977లో అందుకున్న నితిన్ బోస్ కెమెరామన్‌గా మొదలైనవాడే అయినా ఆయనకు పేరు తెచ్చింది దర్శకత్వం. కెమెరా పని మాత్రమే చేసినవాడికి ఫాల్కే రావడం అదే మొదలు. అప్పటికి మూర్తికి 86 ఏళ్లు. కాగజ్ కే ఫూల్ వెలుగు గురించి అడిగినవాళ్లకు ఆ వయసులోనూ ఆయన అద్దాల కథే చెప్పేవారు.

2014 ఏప్రిల్ 7న, 90 ఏళ్ల వయసులో, బెంగళూరులో ఆయన కన్నుమూశారు.